రెండో వైపు మూడో పాట

మార్చి 11, 1974, సోమవారం

కొత్త రికార్డు అచ్చుకి ముందు పంపే పరీక్ష డిస్కు వచ్చింది. తెల్లటి అట్ట, దాని మీద కొక్కిరిబిక్కిరి గీతల్లో "నోలా రే బర్కెట్, మేటి పాటలు" అని పెన్నుతో రాసి ఉంది. హాలిస్ దాన్ని పసిబిడ్డను తెచ్చినట్టు రెండు చేతులా పట్టుకుని తెచ్చాడు. పెళ్ళయిన కొత్తలో నన్ను కూడా అంత జాగ్రత్తగా పట్టుకోలేదు.

మేటి పాటల రికార్డు వస్తోందంటే నాష్‌విల్‌లో పాటలవాళ్ళందరికీ సంగతి అర్థమైపోతుంది. ఒప్పందం గడువు దగ్గరపడిందనీ, కొత్త పాటల మీద కంపెనీకి నమ్మకం పోయిందనీ, పాతవన్నీ ఊడ్చి ఒక అట్టలో పెట్టి సాగనంపుతున్నారనీ. కలిసిన ప్రతివాళ్ళూ నాకు అభినందనలు చెబుతున్నారు, చావింటికి వచ్చినవాళ్ళ మొహాలు పెట్టుకుని. నా ఒప్పందం జూన్ ఆఖరు దాకా. ఈ రికార్డు బాగా పోతే ఇంకో మూడేళ్ళు ఉంటాను. పోకపోతే జిల్లా సంతల్లో పందుల పోటీకీ జామ్ సీసాల పోటీకీ మధ్య పాడుకోవాలి.

మొదటి వైపు విన్నాం. బాగానే ఉంది. రెండో వైపు మూడో పాట "నీ కుర్చీ జరపలేదు". నన్ను నన్నుగా చేసిన పాట. అది మొదలవగానే హాలిస్ కళ్ళు మూసుకున్నాడు. నువ్వు పాడినవాటిలో దీన్ని మించింది లేదు నోలా, అన్నాడు. పాట అయ్యాక పొయ్యి మీద బీన్స్ మాడిపోతాయని చెప్పి వంటింట్లోకి వెళ్ళాను. పొయ్యి మీద బీన్స్ లేవు.

మార్చి 12

మళ్ళీ విన్నాను. ఆ రోజుల్లో నాకు జలుబు ఎక్కువగా ఉండేది. జలుబులో గొంతు వేరేగా ఉంటుంది.

మార్చి 13

పదకొండు సార్లు విన్నాను. జలుబు కాదు.

నేను స్టూడియోలో చెప్పులు వేసుకోను. మొదటి రికార్డు నుంచీ అంతే. గుమ్మం దగ్గర విప్పేసి ఒట్టి కాళ్ళతో మైకు ముందు నిలబడతాను. పత్రికలవాళ్ళు దాని మీద బోలెడు రాశారు, కొండపల్లె పిల్ల కాళ్ళకి నేల తగలందే పాట రాదని. నిజానికి ఆ రోజుల్లో నా చెప్పులు కిర్రుమనేవి. అదే కారణం.

ఈ డిస్కులో రెండో చరణం దగ్గర మడమ చప్పుడు ఉంది. చిన్నగా, తాళానికి సరిగ్గా. ఒట్టి కాలు టక్కుమనదు.

ఇంకొకటి. "గోడవారనే ఉంది నీ కుర్చీ" అన్న వరుస నేను ఎప్పుడూ ఒకే ఊపిరిలో లాగుతాను. అది నా గొప్ప. ఇందులో మధ్యలో ఊపిరి తీసుకున్నారు.

ఓపల్ ఎర్ర చెప్పులకి చెక్క మడమలు ఉండేవి.

ఇక్కడితో ఆపుతున్నాను.

మార్చి 14

ఎలా జరిగిందో నాకు తెలుసు. ఎవరినీ అడగక్కర్లేదు.

పన్నెండేళ్ళ కింద, అక్టోబరులో, ఈ పాట రికార్డింగు రోజున నేను ఎక్కిన బస్సు బౌలింగ్ గ్రీన్ ఊరి దగ్గర ఆగిపోయింది. స్టూడియోలో వాద్యగాళ్ళందరూ కూర్చుని ఉన్నారు. ఖాళీగా వాయిస్తే వాళ్ళకి పాట ఎక్కడ వంగుతుందో తెలియదు కాబట్టి ఎవరో ఒకరు పాడాలి. దాన్నే మా వాళ్ళు గైడు అంటారు. అది టేపులో ఒక వరుస మీద ఉంటుంది. అసలు గాయని వచ్చాక పక్క వరుస మీద తను పాడుతుంది, గైడు వరుస మూసేస్తారు. ఆ రోజు గైడు పాడింది ఓపల్ ప్రూయిట్. నేనూ ఆమే ఒకే అద్దెగదిలో, ఒకే మంచం మీద, రెండు గౌన్లే నాలుగు ఉన్నట్టు మార్చుకుని వేసుకుంటూ ఉండేవాళ్ళం.

ఇప్పుడు జనానికి రెండు స్పీకర్లు కావాలట. అందుకని మేటి పాటల కోసం పాత టేపులు బయటికి తీసి మళ్ళీ కలిపారు. కలిపినవాడు ఎవడో నా వరుస మూసి గైడు వరుస ఎత్తాడు. అంతే.

నేను నాలుగింటికి స్టూడియో చేరేసరికి ఓపల్ పాడుతూ ఉంది. తలుపు దగ్గర నిలబడి విన్నాను. పాట అయ్యాక పియానో వాయించే ఆయన కళ్ళద్దాలు తీసి తుడుచుకున్నాడు. మా నిర్మాత వెండెల్ గాజు గదిలోంచి బయటికి వచ్చి, ఇది ఈ పిల్ల పాటే అన్నారు. నాతో కాదు, తనలో తనే. అప్పట్లో ఏ కంపెనీలోనైనా ఆడగొంతుకి చోటు ఒకటే ఉండేది.

నేను వెండెల్‌ని పక్కకి తీసుకెళ్ళి ఒక మాట అన్నాను.

మార్చి 16, శనివారం

జనాన్ని ఎదురుగా కూర్చోబెట్టి జరిపే రేడియో షోలో "కుర్చీ" పాడాను. పాడకపోతే జనం ఊరుకోరు. అందరూ చెప్పుకునే ఆ విరుపు, "జరపలేదు" దగ్గర గొంతు చటుక్కున తెగి మళ్ళీ అతుక్కునే చోటు, అక్కడికి రాగానే ముందు వరుసలో ఒక పెద్దావిడ రుమాలు తీసింది. ఎప్పుడూ తీస్తారు. ఆ విరుపు ఎక్కడిది అని విలేకరులు అడిగితే మా అమ్మ ఏడుపు అని చెబుతూ వచ్చాను. మా అమ్మ ఏడవగా నేను ఎప్పుడూ చూడలేదు. ఆ సాయంత్రం వెండెల్ నన్ను మైకు ముందు నిలబెట్టి, ఆ పిల్ల పాడినట్టే పాడు అన్నారు. పాడాను. ఊపిరి తప్ప అన్నీ అలాగే.

హాలిస్ తప్పు ఏముంది? పన్నెండేళ్ళుగా నా గొంతులో ఆమెనే వింటున్నాడు.

మార్చి 19

వెండెల్ దగ్గరికి వెళ్ళాను. ఆయనకి ఇప్పుడు అరవై ఆరు. బల్ల మీద మెత్తటి బిస్కెట్టు రొట్టెలూ గ్రేవీ పెట్టుకుని తింటున్నారు. నేను నెమ్మదిగా మొదలుపెట్టాను, ఇంజనీరు పొరపాటు చేసినట్టున్నాడు, టేపు మళ్ళీ చూడమనండి అని. ఆయన తినడం ఆపలేదు.

"ఇంజనీరు పొరపాటే చేశాడమ్మాయ్. నేను విన్నాను. ఆపబుద్ధి కాలేదు."

తెలిసే వదిలేశారా అని అడిగాను. ఆయన గ్రేవీ తుడుచుకుని, ఆ గొంతు విని పన్నెండేళ్ళయింది అన్నారు. నీ పేరుతో వస్తే నీకు నష్టం ఏంటి, ఎవరూ పోల్చలేరు, నీ మొగుడే పోల్చలేదుగా అన్నారు. హాలిస్ ఎంత మెచ్చుకున్నాడో ఈయనకి అప్పుడే ఫోను చేసి చెప్పాడన్నమాట.

వచ్చేస్తుంటే గుమ్మం దగ్గర ఆపి ఇంకో మాట అన్నారు.

"ఆ రోజు నువ్వు చెప్పావు, నేను విన్నాను. నీది ఎంత తప్పో నాదీ అంతే. నేనేం చర్చి మనిషిని కాను, ఊరికే జనానికి భయపడ్డాను."

నేను చెప్పింది అబద్ధం కాదు. ఇది రాసి పెట్టుకుంటున్నాను. అబద్ధం కాదు.

మార్చి 20

ఆమోద పత్రం ఫ్రిజ్ మీద ఉంది. పరీక్ష డిస్కు విన్నాను, సరిగ్గా ఉంది అని గాయని సంతకం పెడితేనే ఫ్యాక్టరీ నడుస్తుంది. నేను పెట్టలేదు.

మార్చి 22

పెట్టలేదు.

మార్చి 24, ఆదివారం

పెడితే ఏమవుతుంది? ఓపల్ గొంతు నా పేరు మీద ఇల్లిల్లూ తిరుగుతుంది. ఓపల్‌కి రికార్డు ప్లేయరు కూడా లేదేమో. ఆమె స్పార్టా అనే చిన్న ఊళ్ళో ఏదో బడి వంటశాలలో పని చేస్తోంది. ప్రతి క్రిస్మస్‌కీ కార్డు పంపుతుంది, "ఓపల్, డ్రీమా" అని రెండు పేర్లు. నేనూ పంపుతాను, ఫొటో అచ్చేసినది.

పెట్టకపోతే? ఎందుకు పెట్టలేదని అడుగుతారు. అది నా గొంతు కాదని చెప్పాలి. అప్పుడు, మరి నీ గొంతు ఏది అని అడుగుతారు.

మార్చి 27, బుధవారం

స్పార్టా వెళ్ళొచ్చాను. హాలిస్‌కి జుట్టు పని అని చెప్పాను.

ఓపల్ వంటశాల పని అయ్యాక, ఆమె కూతురు డ్రీమా బడి నుంచి రాకముందు వెళ్ళాలని రెండింటికి చేరుకున్నాను. ఓపల్ అప్పుడే వచ్చినట్టుంది, జుట్టుకి కట్టిన వల తీయలేదు, కాళ్ళకి వంటశాలలో వేసుకునే రబ్బరు బూట్లు. నన్ను చూసి ఆశ్చర్యపోలేదు. కూర్చోవే, బీన్స్ ఉన్నాయి, మొక్కజొన్న రొట్టె ఉంది అంది. పన్నెండేళ్ళ తర్వాత మొదటి మాట అది. తిన్నాను. ఆమె చేతి రొట్టె అంచులు ఇప్పటికీ మాడతాయి.

డిస్కు సంచిలోంచి తీసి ఇది విను అన్నాను. పిల్లదట, చిన్న పెట్టె ప్లేయరు ఒకటి తెచ్చి సింకు పక్కన పెట్టింది. పాట మొదలైంది. ఓపల్ సింకు అంచు పట్టుకుని నిలబడి వింది. రెండో చరణం దగ్గర ఆమె మడమ లేచి పడింది. రబ్బరు కాబట్టి చప్పుడు రాలేదు. అది చూడగానే నాకు ఏడుపొచ్చింది, ఆపుకోలేదు. ఓపల్ మాత్రం ఏడవలేదు. ముల్లు ఎత్తి పక్కన పెట్టింది.

ఎలా జరిగిందో చెప్పాను. ఇంజనీరు, వరుసలు, వెండెల్ అన్నది. ఆమె వింటూ నా పళ్ళెం కడిగింది. అన్నీ చెప్పాక, ఇన్నాళ్ళుగా రాయకుండా దాటేసింది కూడా చెప్పాను. ఆ రోజు వెండెల్‌తో నేను అన్నది: "ఓపల్‌కి నాలుగో నెల, పెళ్ళి కాలేదు." ఒక్క వాక్యం. ఒప్పుకోవడానికి పన్నెండేళ్ళు పట్టింది, ఆ రోజు అనడానికి మాత్రం అర నిమిషం పట్టలేదు.

"నాకు ఆ సాయంత్రమే తెలుసు," అంది ఓపల్. "ఆ సంగతి నేను చెప్పింది నీకొక్కదానికే కదే."

నిజమే. ఇంత చిన్న లెక్క నాకు ఎప్పుడూ తట్టలేదు. తట్టనివ్వలేదు. ఆమెకి తెలియదు అనుకుంటూనే క్రిస్మస్ కార్డులు విప్పాను.

మరి కార్డులు ఎందుకు పంపావు అని అడిగాను. నువ్వు ఏ రోజు వస్తావో చూద్దామని, అంది. తర్వాత కొంచెం నవ్వింది. అంత ఓపిక ఏమీ కాదులే, డ్రీమాకి రేడియోలో పాడే మనిషికి కార్డు పంపడం సరదా అంది.

నీ పేరు అట్ట మీద వేయిస్తాను, ఏం కావాలన్నా చేయిస్తాను అన్నాను. ఓపల్ చేతులు తుడుచుకుని నా ఎదురుగా కూర్చుంది.

"నా గొంతు నీ పేరు మీద అమ్మకు. ఆపించు. ఆపడం కుదరకపోతే అది ఎవరిదో జనానికి చెప్పు. రెండిట్లో ఏదైనా సరే, నువ్వే చెయ్యి. హాలిస్‌తో చేయించకు."

ఇంటికొచ్చేదాకా కారులో రేడియో పెట్టలేదు.

మార్చి 28

ఫ్రిజ్ మీద ఆమోద పత్రం లేదు.

హాలిస్‌ని అడిగాను. అదా, నువ్వు మర్చిపోయావని సంతకం నేనే పెట్టి పంపేశాను, అన్నాడు. ఆదివారం రాత్రే పెట్టాడట. పదేళ్ళుగా నా సంతకం అతనే పెడుతున్నాడు, ఫొటోల మీద, కాగితాల మీద. నాకన్నా అందంగా పెడతాడు. ఇంతవరకూ అది నాకు హాయిగానే ఉండేది.

ఫ్యాక్టరీకి ఫోను చేశాను. అచ్చు అయిపోయింది, అట్టల్లో పెట్టేస్తున్నారు, ఎనిమిదో తారీఖుకి కొట్లలో ఉంటుందట. ఫోను ఎత్తినావిడ నా పాటలంటే ప్రాణమంది. ముఖ్యంగా "కుర్చీ".

అప్పుడు హాలిస్‌కి చెప్పాను. అది నేను కాదని. అతను డిస్కు మళ్ళీ పెట్టి విన్నాడు, చివరి దాకా. మొహం పాలిపోయింది. పాపం, తప్పు పట్టుకున్నందుకు కాదు, పట్టుకోలేకపోయినందుకు. కాసేపటికి అతనిలోని నా మేనేజరు మళ్ళీ మేలుకున్నాడు.

"ఎవరికి తెలుస్తుంది నోలా? ఎనిమిది దాటితే మనం గట్టున పడతాం. నోరు మూసుకుంటే చాలు."

నోరు మూసుకుని సంపాదించిన గాయనిని నేనొక్కదాన్నే అనుకుంటా.

ఏప్రిల్ 2

హాలిస్ మాట్లాడడం లేదు. చొక్కాలు తనే ఇస్త్రీ చేసుకుంటున్నాడు, నాకు కనిపించేలా.

ఏప్రిల్ 4

శనివారం షోలో రికార్డు గురించి ప్రకటిస్తారు, తర్వాత నేను "కుర్చీ" పాడాలి. నన్ను మాట్లాడనిచ్చేది ఒక్క నిమిషమే. చెప్పాల్సింది కాగితం మీద రాశాను. చింపాను. మళ్ళీ రాశాను. గొంతు నొప్పిగా ఉంది. ఇది జలుబే, నిజంగా.

ఏప్రిల్ 6, శనివారం

చెప్పాను.

"రేపు కొట్లలోకి వచ్చే రికార్డులో రెండో వైపు మూడో పాట పాడింది నేను కాదు, స్పార్టాలో ఉండే ఓపల్ ప్రూయిట్ అనే ఆవిడ, నాకంటే బాగా పాడుతుంది" అన్నాను. రేపు కాదు, సోమవారం. కంగారులో తప్పు చెప్పాను.

జనం పగలబడి నవ్వారు. తర్వాత చప్పట్లు. ప్రకటనలు చదివే ఆయన, మా నోలా ఎంత వినయమో చూశారా అన్నాడు. స్టీల్ గిటారు వాయించేవాడు కూడా నవ్వాడు. వాద్యాలు మొదలయ్యాయి. నేను పాడాను, విరుపుతో సహా. ఇంకేం చెయ్యాలో తెలియలేదు.

తెరవెనక హాలిస్ నన్ను కౌగిలించుకున్నాడు. పది రోజుల తర్వాత. భలే చెప్పావు, జనానికి తెగ నచ్చింది, ఇదే ఊళ్ళన్నిటిలోనూ చెబుదాం అన్నాడు.

ఏప్రిల్ 7, ఆదివారం

మధ్యాహ్నం ఓపల్ ఫోను చేసింది. చర్చి నుంచి అప్పుడే వచ్చిందట. రేడియోలో విన్నానంది. చెప్పాను కదా, నవ్వారు, నేనేం చెయ్యను అన్నాను. నా గొంతులో ఫిర్యాదు నాకే వినిపించింది.

"సగమే చెప్పావు. అందుకే నవ్వారు," అంది.

మిగతా సగం చెబితే నీ పరువే కదా పోయేది, డ్రీమాకి పదకొండేళ్ళు, బడిలో పిల్లలు ఊరుకుంటారా అన్నాను. ఒక్క క్షణం నేను ఆమెని కాపాడుతున్నాననే అనుకున్నాను. పన్నెండేళ్ళ కింద కూడా ఇలాగే ఏదో అనుకుని ఉంటాను.

"పిల్ల సంగతి ఎత్తకు. నా సంగతి ఎత్తకు. నీ సంగతి చెప్పు. వచ్చే శనివారం మళ్ళీ షో ఉందిగా."

ఫోను పెట్టేసింది.

ఏప్రిల్ 10

రికార్డు బాగా పోతోంది. కంపెనీ నుంచి ఒకాయన వచ్చి కొత్త ఒప్పందం ముసాయిదా ఇచ్చి వెళ్ళాడు. మూడేళ్ళు. నేను అనుకున్నది అక్షరాలా అదే. పోతూ పోతూ, శనివారం అన్న ఆ చమత్కారం ఇక చాలు మేడమ్, ఒకసారికి బాగుంటుంది అన్నాడు. నవ్వుతూనే అన్నాడు. హాలిస్ ముసాయిదాని ఫ్రిజ్ మీద పెట్టాడు. పక్కన పెన్ను కూడా.

పెన్ను తీసి నా సంచిలో వేసుకున్నాను.

ఏప్రిల్ 12

హాలిస్ తిన్నగా అడిగాడు, రేపు ఏం చెయ్యబోతున్నావు అని. చెప్పాను. అరుస్తాడనుకున్నాను. అరవలేదు. నువ్వు పాడినది అసలు ఏదీ నాకు తెలియదా నోలా, అని అడిగాడు. రెండు మూడు ఉన్నాయి, మొదటి వైపు నాలుగోది నాదే, విను అన్నాను. వెళ్ళి పెట్టుకున్నాడు. వంటింట్లోంచి విన్నాను. పర్వాలేదు, బాగానే ఉంది.

ఏప్రిల్ 13, శనివారం

ఇవాళ చెప్పులు వేసుకునే మైకు దగ్గరికి వెళ్ళాను. కిర్రుమన్నాయి. కొత్తవే, అయినా కిర్రుమన్నాయి.

మళ్ళీ చెప్పాను. పోయిన వారం చెప్పింది హాస్యం కాదన్నాను. పన్నెండేళ్ళ కింద ఆ పాట ఓపల్ ప్రూయిట్‌కి రావలసింది, రాకుండా చేసింది నేను అన్నాను. ఆమె నన్ను నమ్మి చెప్పిన మాటని, ఆమె మీదే వాడానన్నాను. ఆ మాట ఏంటో మీకు అనవసరం, అది వాడిన మనిషి ఎవరో తెలిస్తే చాలన్నాను.

ఎవరూ నవ్వలేదు. ముందు వరుసలో ఒకాయన దగ్గాడు. ప్రకటనలు చదివే ఆయన గబగబా పిండి కంపెనీ ప్రకటన అందుకున్నాడు, బిస్కెట్లు ఎంత మెత్తగా వస్తాయో చెప్పాడు. అది చదువుతున్నంతసేపూ నేను అక్కడే నిలబడ్డాను. వెళ్ళిపొమ్మని ఎవరూ అనలేదు, ఉండమనీ అనలేదు. ఆఖరికి స్టీల్ గిటారు వాయించేవాడు నా వైపు చూసి నెమ్మదిగా మొదలుపెట్టాడు.

విరుపు వెయ్యలేదు. "జరపలేదు" అన్న చోట గొంతు తెగకుండా తిన్నగా పాడేశాను. విరుపు తీసేస్తే అది చాలా మామూలు పాట. పెద్దగా గొప్పేం లేదు, కొంచెం బొంగురుగా, చివర శ్రుతి కాస్త కిందికి జారింది కూడా. చివరిదాకా పాడాను.

చప్పట్లు మామూలుగా వచ్చేవాటిలో సగం కూడా లేవు. నేను పాడినదానికి అన్నే వస్తాయి. తెరవెనక్కి వచ్చి చెప్పులు విప్పుకుని, ఎవరూ పలకరించకపోతే ఆ చెక్క బెంచీ మీదే కూర్చుని ఇది రాస్తున్నాను.